దీర్ఘం లేని కాకి

ఖరిదా బజారు, ఖరగ్‌పూర్
18 నవంబరు 2024

లలిత్‌కి,

చిరంజీవి అని రాయడానికి చెయ్యి రావడం లేదు. అందుకని ఉత్త లలిత్ అనే రాస్తున్నాను. ఫోన్ చెయ్యొచ్చుగా అంటావు. ఫోన్లో నాలుగు మాటలంటే నువ్వు కట్ చేస్తావు, ఉత్తరాన్ని కట్ చెయ్యలేవు. పైగా నేను అరిస్తే పక్కన చేపలమ్మే దోర్కాకి వినబడుతుంది. ఆవిడకి ఇప్పటికే కావలసినంత వినోదం దొరికింది.

నిన్న పొద్దున్న కొట్టు తెరవడానికి వెళ్తే షట్టరు మీద ఒక పోస్టరు. నా నడుం దాకా ఉంది. స్టేషన్ బోర్డు పసుపు రంగు మీద నల్లటి కాకి. ఆ కాకి ముక్కుకి రెండువైపులా పుడకలు. దారం కట్టిన కళ్ళజోడు. చీర కొంగు, కొంగు చివర తాళంచెవుల గుత్తి. కూర్చున్నది ఎక్కడనుకున్నావు, తక్కెడ మీద! పైన బెంగాలీలో ఏదో, కింద ఇంగ్లీషులో ఏదో, మధ్యలో మన అక్షరాల్లో ఇంత లావున 'కాకి'. మూలన నీ సంతకం.

దోర్కా నాకంటే ముందే చూసేసింది. "ఏటి బాలాంబమ్మా, నీ బొమ్మ అచ్చేసినారేటి? పుడకలు రెండూ నీయే గదా, కళ్ళజోడు దారం కూడా సూడు!" అని బజారంతా వినేలా అరిచింది. మధ్యాహ్నానికి అప్పడాలు కొనడానికి వచ్చినవాళ్ళు కూడా నా మొహం ఒకసారి, షట్టరు ఒకసారి చూసి, మూతి బిగపట్టుకుని చిల్లర తీసుకున్నారు. గుడి కమిటీ గణపతిరావు గారికి మూతి బిగపట్టే అవసరం కూడా కనబడలేదు. "తద్దినాలకి కాకులు రాడం నేదమ్మా, ఈసారి నిన్నే కేకేస్తాం" అన్నారు. మీ చిన్నాన్న పక్కనే పేపరు చదువుకుంటున్నారు. తల ఎత్తలేదు. ఆయన ఎప్పుడు ఎత్తారు గనక.

ఖరిదా నుంచి ఝపటాపూర్ దాకా గోడలన్నీ ఇదే బొమ్మ అట. జనవరి పద్దెనిమిదిన నిమ్‌పురా గ్రౌండులో నీ స్నేహితుడు విల్‌ఫ్రెడ్ కచేరీ అట కదా. అతను పాడితే మధ్యలో నా మొహం దేనికి? నీకు బెంగుళూర్లో వేసుకోవడానికి ఇంకే మొహమూ దొరకలేదా? వెంటనే అన్నీ తీయించు. తీయించేదాకా మా గడప తొక్కకు.

బాలాంబ


బెంగుళూరు
26 నవంబరు 2024

కాకికి,

నమస్కారం పెట్టే ఉత్సాహం నీ ఉత్తరం చదివాక పోయింది, అయినా పెడుతున్నాను. నేను ఏదో తప్పు చేసి పారిపోయినవాడిలాగా రాశావు. నీకు మొదట ఒక సంగతి చెప్పాలి. అది కాకి కాదు, కాకి. బెంగాలీలో కాకి అంటే పిన్ని, చిన్నాన్న భార్య. ఖరగ్‌పూర్లో పుట్టి పెరిగినవాళ్ళకి ఇది కూడా చెప్పాలా? నాకు మాటలు వచ్చినప్పటి నుంచి నిన్ను ఏమని పిలుస్తున్నాను?

విల్‌ఫ్రెడ్ బ్యాండు కొత్త ఆల్బం పేరే అది. అందులో మొదటి పాట కాలనీల్లో ఉండే కాకిల గురించి. స్కూలు ఎగ్గొట్టి వస్తే అన్నం పెట్టి, తిని చేతులు కడుక్కున్నాక చెవి మెలిపెట్టే కాకి. వాడికి ఆ పాట ఎక్కడి నుంచి వచ్చిందనుకున్నావు? నీ కొట్టు వెనక అరుగు మీద నాతో పాటు వాడూ తిన్నాడు కదా. కవరు బొమ్మ నన్ను వెయ్యమన్నాడు. ఇంకెవరినో ఎందుకు వేస్తాను? నువ్వు అన్నం తినేముందు గోడ మీద ఒక ముద్ద పెట్టి కాకుల్ని పిలిచేదానివి. నాకు కాకి అంటే అది, కాకి అంటే నువ్వు. రెండు మాటలూ ఒకటే కావడం నా అదృష్టం అనుకున్నాను. ఇంత మంచి జోక్ ఒక ఆర్టిస్టుకి జన్మలో ఒకసారి దొరుకుతుంది.

నా పని నీకు గోడకి జిగురు పూయడంలా కనిపిస్తోంది. నా మొదటి పోస్టరు నీ అప్పడాల అట్టపెట్టె వెనక వేశాను, గుర్తుందా? విల్‌ఫ్రెడ్ మొదటి ప్రోగ్రాంకి. ఆ తర్వాత ఎన్నేళ్ళు బ్యాండ్లవాళ్ళ చుట్టూ తిరిగాను! ఒకడు గిటారు పెద్దది చెయ్యమంటాడు, ఒకడు తన జుట్టు పొడుగు చెయ్యమంటాడు. కచేరీ అయిపోయిన మర్నాడు నా బొమ్మ మీద పకోడీలు కట్టేవారు. ఈ కవరుకి మొదటిసారి జనం బొమ్మ కోసం రికార్డు కొంటున్నారు. ఇక్కడ కాఫీ షాపుల్లో ఫ్రేం కట్టి పెడుతున్నారు. ఆ నలుపు అంత చిక్కగా రావడానికి అచ్చులో నలుపుని రెండుసార్లు కొట్టించాను. ప్రెస్సువాడు ఒకసారి చాలన్నాడు, నేను ఒప్పుకోలేదు.

నేను వెయ్యకపోతే నీ మొహం ఖరిదా దాటి ఎవరికి తెలిసేది? పోస్టర్లు తీయించను. అక్టోబరులో రికార్డు పార్సిల్ చేశాను, విప్పి చూశావా, లేక అదీ కొట్టు అటక మీద పడేశావా?

లలిత్


ఖరిదా బజారు
3 డిసెంబరు 2024

లలిత్‌కి,

పార్సిల్ పళ్ళెం అనుకున్నాను. పలచగా, లోపల గుండ్రంగా తగిలితే ఎవరిదో పెళ్ళి తాలూకు కానుకేమో అని దాచాను. నీ ఉత్తరం వచ్చాక విప్పాను. లోపలి అట్ట మీద కూడా 'కాకికి, ప్రేమతో' అని అచ్చయి ఉంది. ఉత్తరం మొదట్లోనూ 'కాకికి'. అక్షరాలు దిద్దించింది నేను. గుడి ఎక్కడ, గుడిదీర్ఘం ఎక్కడ అని పలక మీద నీ చెయ్యి పట్టుకుని దిద్దించాను. దీర్ఘం మింగేసి నాకు ప్రేమ పంపిస్తున్నావు.

నలుపు రెండుసార్లు కొట్టించావా! ఒకసారి దేవుడు కొట్టింది చాలలేదా?

నేను ఇక్కడ పుట్టి పెరిగినదాన్ని కాదు. టెక్కలి దగ్గర నుంచి ఇక్కడికి కోడలిగా వచ్చాను. ఇన్నాళ్ళూ చెప్పనిది ఇప్పుడు రాస్తున్నాను, ఎందుకంటే నువ్వు నాకు పాఠం చెప్తున్నావు గనక. మీ చిన్నాన్నకి ముందు కాకినాడ నుంచి ఒక సంబంధం వచ్చింది. అమ్మాయి తెల్లగా ఉందట. ఏ కారణానో తప్పిపోయింది, నన్ను చేసుకున్నారు. నేను ఝపటాపూర్ ఇంట్లో అడుగుపెట్టిన రోజున, పీటల మీద పోసిన తలంబ్రాల బియ్యం ఇంకా తలలో ఉండగానే, మీ అమ్మ వరండాలో నిలబడి "కాకినాడ పోయింది గానీ కాకి మిగిలినాది మనకి" అంది. ఇల్లంతా విరగబడి నవ్వారు. ఆ రోజు నుంచి నేను ఆ ఇంట్లో కాకినే. కాకి కూర వండింది, కాకి నీళ్ళు తెచ్చింది. నా ముందు కాదులే. గోడ అవతల, నాకు వినపడేంత గట్టిగా.

నీకు మాటలు వచ్చే వేళకి మీ అమ్మకి ఇంకో సరదా తోచింది. మన తెలుగిళ్ళలో పిల్లలంతా పిన్నీ అంటారు. నీ ఒక్కడి చేత కాకి అనిపించింది. "బెంగాలీలు అలాగే అంటారుగా, మనం ఈ ఊళ్ళో ఉంటన్నాం గదా" అని. నువ్వు నా దగ్గరికి పరిగెత్తుకొస్తూ అరిస్తే అందరూ కొంగులు నోట్లో కుక్కుకుని నవ్వేవారు. అది నువ్వు నేర్చుకున్న బెంగాలీ.

మీ నాన్న రిటైరయ్యాక మీరంతా బెంగుళూరు వెళ్ళిపోయారు. ఆ పేరు కూడా మీతో పోయింది. ఈ బజార్లో నాకు బాలాంబమ్మ అనే పేరు రావడానికి నేను ఎంత ఏడ్చానో, ఎంత నోరు పారేసుకున్నానో నాకు తెలుసు. చచ్చిన పేరుని తీసుకొచ్చి గోడగోడకీ అంటించావు, ఇంగ్లీషుతో సహా. మీ అమ్మ ఇంట్లో నలుగురికి చెప్పింది. నువ్వు నాలుగు ఊళ్ళకి చెప్పావు.

మా అమ్మాయి హరిణి నీ రికార్డు వినిపిస్తానంది. వద్దన్నాను.

బాలాంబ


బెంగుళూరు
11 డిసెంబరు 2024

బాలాంబ గారికి,

మీకు నచ్చలేదు కనుక ఆ మాట వాడటం లేదు. మర్యాదగానే రాస్తాను.

విల్‌ఫ్రెడ్ ఫోన్ చేశాడు. మీరు బకెట్టుతో నీళ్ళు, కూరగాయల కత్తి పట్టుకుని బజారంతా తిరిగి పోస్టర్లు గీకేస్తున్నారట. అడ్డం వచ్చిన వాడి మీద నీళ్ళు పోశారట. అతను కచేరీ వాళ్ళ మనిషి. వాళ్ళు విల్‌ఫ్రెడ్‌ని అడుగుతున్నారు, విల్‌ఫ్రెడ్ నన్ను అడుగుతున్నాడు. నేనేం చెప్పాలి, బొమ్మలో ఉన్న మనిషే బొమ్మని చింపుతోందని చెప్పాలా? చెప్పాను. ఫోన్లో అవతల ఎవరో నవ్వారు. నా పనిని చూసి ఎవరైనా నవ్వితే నాకెలా ఉంటుందో మీకు అక్కర్లేదు.

దీర్ఘం గురించి అన్నారు. బెంగాలీలో ఆ మాటకి ఇప్పుడు హ్రస్వమే రాస్తున్నారు. నేను అది చూసి రాశాను. నేను బెంగాలీ బడిలో చదివాను, తెలుగు మీ పలక మీద తప్ప ఎక్కడా చదవలేదు. చదివించనిదానికి ఇప్పుడు నన్ను తిట్టడం న్యాయం కాదు.

అమ్మ గురించి రాసింది నేను నమ్మను. హరిణి పుట్టినప్పుడు నెలంతా మీకు వండిపెట్టింది అమ్మ. ఆవిడకి నోరు ఎక్కువ, నాకు తెలుసు. కానీ మాటలు రాని పిల్లాడి నోట్లో తిట్టు పెట్టే మనిషి కాదు. మీకు కొట్టులో కూర్చుని పాత మాటలు తవ్వుకోవడం అలవాటైంది. ఆవిడని ఇలాంటి ప్రశ్న అడిగి ఈ వయసులో బాధపెట్టను.

ఒక్కటి మాత్రం చెప్తాను. నాకు నలుపు రంగులన్నిటికంటే గొప్పది. నలుపు లేకపోతే నా బొమ్మ నిలబడదు. మీకే నలుపు తిట్టులాగా వినపడుతుంది. అది మీ చెవుల్లో ఉంది, నా బొమ్మలో లేదు.

లలిత్


ఖరిదా బజారు
17 డిసెంబరు 2024

లలిత్ గారికి,

నన్ను 'మీరు' అన్నావు. సంతోషం. నా చేత చెడ్డీ తొడిగించుకున్నవాడు నన్ను మీరు అంటే, నా వయసు నాకు తెలిసొచ్చింది.

నా చెవుల్లో ఉందట! అవును నాయనా, నా చెవుల్లోనే ఉంది. పెట్టినవాళ్ళు తీసుకోకుండా వెళ్ళిపోయారు.

నెలంతా వండిపెట్టిన మాట నిజమే. వండిన ప్రతి రోజూ "కాకి పిల్ల కాకికి ముద్దు గదా" అని ఊయల దగ్గర నిలబడి అన్న మాట కూడా నిజమే. హరిణి నాకంటే తెల్లగా పుట్టిందని తెలిసేదాకా అంది, తర్వాత మానేసింది.

మీ అమ్మని బాధపెట్టొద్దు. గొడవ పెట్టుకోవద్దు. నన్ను నమ్మనూ వద్దు. ఒక్క పని చెయ్యి. ఆవిడ భోజనానికి కూర్చున్నప్పుడు, పక్కన కూర్చుని, కాకినాడ సంబంధం సంగతేమిటమ్మా అని అడుగు. అంతకు మించి ఒక్క మాట వద్దు. మొహం చూడు.

చింతపండు ఎండలో పెట్టాను, మబ్బు పట్టింది. ఇంతకంటే రాయడానికి తీరిక లేదు. నీ రికార్డు వెనక్కి పంపుతున్నాను.

బాలాంబ


బెంగుళూరు
2 జనవరి 2025

పిన్నికి,

రికార్డు అందింది. నువ్వు అట్టకి రెండువైపులా వార్తాపత్రిక చుట్టి, మూలలు వంగకుండా కట్టావు. కోపంలో కూడా సామాను పాడు చెయ్యని మనిషివి.

మొన్న ఆదివారం అమ్మని అడిగాను. నువ్వు చెప్పినట్టే, అన్నం కలుపుకుంటుండగా. ముందు అర్థం కాలేదు. తర్వాత మొహం వెలిగిపోయింది. నవ్వింది, పొలమారేదాకా నవ్వింది. నేను నీళ్ళు ఇచ్చాను. "కాకినాడ పోయింది గానీ కాకి మిగిలినాది! నేనే అన్నాను. అందరూ పడి పడి నవ్వినారు. దానికి ఇంకా గుర్తున్నాదేటి?" అంది. నా సంగతి నేను అడక్కుండానే చెప్పింది. "నీకు నేర్పినాను గదా, నీ నోట్లో బలే పలికీది. నువ్వు అలా పరిగెత్తితే మేం వరండాలో కడుపులు పట్టుకునీవాళ్ళం" అంది. అందులో తప్పు ఉందని ఆవిడకి ఇప్పటికీ తెలియదు. తెలియదని నాకు ఎంత కోపం వచ్చిందంటే, కంచం ముందు నుంచి లేచి వచ్చేశాను. అప్పటి నుంచి మా ఇద్దరికీ మాటల్లేవు. నా కొడుక్కి ఉత్తరాలు రాసుకోడానికి ఇంకో మనిషి దొరికిందిలే అని పనిమనిషితో అంటోంది, నాకు వినపడేంత గట్టిగా.

నేను ఆవిడ చేతిలో రాయినన్నమాట. విసిరింది ఆవిడ, తగిలింది నేను. ఇన్నాళ్ళూ ఆ రాయి తను ముద్దు పెడుతున్నాననుకుంది.

విల్‌ఫ్రెడ్‌తో మాట్లాడాను. మాట్లాడటం ఏమిటి, పోట్లాడాను. కచేరీకి కొత్త పోస్టరు వేశాను, ఉత్త పసుపు మీద బ్యాండు పేరు, తేదీ. బొమ్మ లేదు, ఆ మాట లేదు. రికార్డు రెండో అచ్చుకి కూడా ఉత్త పసుపు అట్టే. 'పాట పేరే అదైతే బొమ్మ లేకుండా ఎలాగ?' అని వాడు అరిచాడు. నా పేరు కూడా తీసెయ్యమన్నాను. నా చేత్తో నేను వేసిన వాటిల్లో మంచిది అదొక్కటే, ఇక అది లేదు.

ఇకనుంచి నిన్ను అందరి పిల్లల్లాగే పిన్ని అంటాను. ముందే అనాల్సింది. ఆ మాట ఇంక నా నోట రాదు, రాస్తే చెయ్యి విరిచేసుకుంటాను. కచేరీకి రాను. ఖరిదాలో నా మొహం చూపించుకోలేను.

లలిత్


ఖరిదా బజారు
8 జనవరి 2025

లలిత్‌కి,

పిన్నికి అని చూసి, ఇది మా అక్క కూతురు నవ్య రాసిన ఉత్తరం కాబోలు అనుకున్నాను. పిన్నీ అనడానికి నాకు జనం కరువై నిన్ను అడిగానా? మా అక్క పిల్లలున్నారు, మీ చిన్నాన్న వైపు వాళ్ళున్నారు. పెళ్ళికి కార్డు ఇచ్చి, పిన్నీ తప్పకుండా రావాలి అని, కాఫీ కూడా తాగకుండా వెళ్ళిపోతారు. ఆ వరసలో నువ్వు కూడా చేరతావా? చేరు. ఒక కార్డు తెచ్చి ఇచ్చి పో.

మూడు ఉత్తరాలు రాశాను, తల పగిలేలా రాశాను, నీకు అర్థమైంది మాత్రం ఇదా! బొమ్మ తీసెయ్యమన్నాను, నిజమే. ఇప్పుడు తీసేశావని తెలిస్తే ఒళ్ళు మండుతోంది. ఇది తిక్క అనుకో, నాకేం.

మీ అమ్మ నీకు చెప్పింది సగమే. మిగతా సగం ఆవిడకి తెలియదు, ఆవిడ వరండాలో ఉంది గనక. మొదటిసారి నువ్వు ఆ మాట అన్న రోజు నేను బట్టలు ఆరేస్తున్నాను. వెనక అందరూ నవ్వుతున్నారు. వాళ్ళు ఎందుకు నవ్వుతున్నారో నీకు తెలియదు, నేను సంతోషిస్తానని నవ్వుతున్నారనుకుని నువ్వూ నవ్వావు. నీ మీద చెయ్యి ఎత్తాను. నిజంగా ఎత్తాను. నువ్వు ఆ చెయ్యి చూసి ఎత్తుకోవడానికనుకుని రెండు చేతులూ పైకి చాపావు. ఏం చెయ్యను, ఎత్తుకున్నాను. నా మెడ పట్టుకుని చెవిలో మళ్ళీ అన్నావు. వాళ్ళంతా కాకి అనేవారు, పుల్ల విరిచినట్టు. నువ్వు కాకీ అన్నావు. కొస సాగదీసి, ఊపిరి అయిపోయేదాకా. తర్వాత రోజూ అంతే, వీధి చివర మొదలుపెడితే కొట్టు దగ్గరికి వచ్చేసరికి ఆ దీర్ఘం అయిపోయేది. వాళ్ళు తిట్టిన మాటని నువ్వు అలా సాగదీసి నాదిగా చేశావు. ఆ ఇంట్లో నేను ఉండగలిగానంటే దాని వల్లే.

నీకు పలక మీద మిగతా అక్షరాలన్నీ ఎలాగోలా దిద్దించాను. క గుడిస్తే కి, క గుడిదీర్ఘమిస్తే కీ, ఇది మాత్రం ఎన్నిసార్లు చెప్పించానో! ఎందుకనుకున్నావు? రాసేటప్పుడు కూడా నన్ను సరిగ్గా పిలుస్తావని.

అందుకే షట్టరు మీద చూసినప్పుడు ఒళ్ళు మండింది. దోర్కా నవ్విందని కాదు. దోర్కా దేనికైనా నవ్వుతుంది. గణపతిరావు గారి నోటికి ఎప్పుడూ తాళం లేదు. నల్లగా వేశావని కూడా కాదు, నల్లగా ఉన్నదాన్ని తెల్లగా వేస్తే అంతకంటే పెద్ద తిట్టు. నువ్వు కూడా వాళ్ళ మాటే రాశావు. పొట్టి మాట, పుల్ల విరిచిన మాట. బెంగాలీలో వాళ్ళు ఎలా రాసుకుంటే నాకెందుకు? మన అక్షరాల్లో దీర్ఘం లేకపోతే అది గోడ మీద పిట్ట. దీర్ఘం ఉంటే నేను.

ఇప్పుడేమో ఆ మాటే నోట రాదంటున్నావు. మీ అమ్మ అన్నది మీ అమ్మకి ఇచ్చెయ్యడానికి నువ్వెవరు? నాకున్నదే అది ఒక్కటి. నీ నోట్లోంచి కూడా పోతే ఇక నన్ను అలా పిలిచేవాళ్ళు ఈ భూమ్మీద లేరు. అది ఆలోచించావా? ఆలోచించవు. తప్పు చేశానని తెలియగానే ఉన్నదంతా ఊడ్చి అవతల పారేసి, మంచివాణ్ణనిపించుకుని కూర్చుంటావు. చిన్నప్పుడూ అంతే, గ్లాసు పగిలితే నీళ్ళ బిందె కూడా దాచేసేవాడివి.

పోస్టర్లన్నీ గీకాను. మా షట్టరు మీది మాత్రం గీకలేదు. ఎందుకని అడగకు. దాని మీద ఇవాళ పొద్దున్న మీవాళ్ళు ఉత్త పసుపుది అంటించబోయారు, తరిమేశాను. అది దేనికి పనికొస్తుంది, కామెర్లు వచ్చినట్టుంది.

కచేరీకి వస్తావో రావో నీ ఇష్టం. కొట్టుకి మాత్రం వస్తావు. చీకటిపడ్డాక దొంగలా కాదు, బజారు నిండుగా ఉన్నప్పుడు, దోర్కా తన పీట మీద ఉన్నప్పుడు, గణపతిరావు గారు అగరొత్తులకి వచ్చే వేళకి. బ్రష్షు తెచ్చుకో. నల్లరంగు డబ్బా నా దగ్గర ఉంది, రెండుసార్లు వెయ్యాలన్నా సరిపోతుంది. అందరూ చూస్తుండగా ఆ అక్షరానికి దీర్ఘం పెట్టు. పెట్టేదాకా నీకు కొట్టులో అన్నం లేదు. తర్వాత మీ విల్‌ఫ్రెడ్‌కి చెప్పి రెండో అచ్చు మీద కూడా పెట్టించు, నీ పేరుతో సహా. ప్రెస్సువాడు ఒప్పుకోకపోతే నా దగ్గరికి పంపు.

నిన్ను క్షమించానని ఊహించుకోకు, ఆ పని ఇంకా మొదలుపెట్టలేదు. వీధి చివర రిక్షా దిగగానే పిలవడం మొదలుపెట్టు, ఎప్పటిలాగే. మధ్యలో ఆపావంటే షట్టరు దించేస్తాను.

కాకీ